పుట్టుక పుస్తకములో వెదకుట

పాఠభాగములు: ఎజ్రా 2:59–63, ఎజ్రా 6:1–5, యిర్మీయా 32:6–15, అపొ. కార్య. 22:24–29



ఎజ్రా గ్రంథము రెండవ అధ్యాయమును మనము ఆరాధనలో చదువుట అరుదు. అది పేర్ల పట్టిక గనుక చదువువాడు తడబడును, వినువారు కునుకుదురు. నేనును సెమినరీలో నున్న దినములలో ఆ పుటలను వ్రేలితో త్రిప్పివేసినవాడనే. అయితే గడచిన సంవత్సరము మన సంఘములోని ఒక అవ్వ తన మనుమరాలి జనన ధ్రువపత్రపు నకలు కొరకు తిరుగుచుండగా నేనును ఆమెతోకూడ తిరుగవలసివచ్చెను. నాటినుండి ఆ పట్టిక నాకు ఎండిన యెముకలవలె తోచుట లేదు.

బబులోను చెరనుండి తిరిగి వచ్చిన యాజకులలో హబాయా, హక్కోజు, బర్జిల్లయి అను వారి సంతతివారు కొందరుండిరి. వారు వంశావళుల పుస్తకములో తమ పేర్లు వెదకిరి గాని అవి కనబడలేదు. అప్పుడేమి జరిగినదో నిదానముగా చదువుడి. వారు అబద్ధికులని ఎవరును తీర్పు చెప్పలేదు. వారిని సమాజములోనుండి వెళ్లగొట్టలేదు. ఊరీము తుమ్మీములతో విచారింపగల యాజకుడు లేచువరకు అతిపరిశుద్ధమైన వాటిని తినవద్దని మాత్రమే అధికారి చెప్పెను. వారి తండ్రులు నిజముగా అహరోను వంశస్థులే అయియుండవచ్చును; వ్రాత మాత్రము దొరకలేదు. బర్జిల్లయి సంతతివారిని గూర్చి అచ్చట ఇంకొక చిన్న సంగతి కలదు. వారి పితరుడు గిలాదీయుడైన బర్జిల్లయి కుమార్తెలలో ఒకతెను పెండ్లిచేసికొని మామగారి వంశపు పేరు పెట్టుకొనెను. ఆ మారిన పేరే చిక్కు తెచ్చినదేమో అని నా అనుమానము. లేఖనము ఆ మాట చెప్పుట లేదు. మన ఊళ్లలో ఇల్లరికపు అల్లుండ్ర పిల్లల కాగితములు చూచినవారికి ఈ అనుమానము వింతగా నుండదు.

ఇక అవ్వ సంగతి. ఆ పిల్లకు తల్లి లేదు. తండ్రి పనికై దూరదేశము పోయి, ఎప్పుడో ఒకప్పుడు డబ్బు పంపును. పిల్ల తొమ్మిదవ తరగతి చదువుచుండెను. బడి పుస్తకములో ఆమె పుట్టిన తేదీ జూన్ 12. ఆధారు కార్డులో జూలై 1. జూన్, జూలై నెలలలో మన ఊరి పిల్లలు ఎందరు పుట్టినట్లు బడి రిజిస్టర్లు చెప్పుచున్నవో చూచితిరా? బడిలో చేర్చునాటికి ఐదేండ్లు నిండినట్లు కనబడవలెనని ఎవరో ఒక తేదీ వేసెదరు. పిల్లవాడు జీవితమంతయు దానిని మోయును. పదవ తరగతి పరీక్షకు పేర్లు పంపకముందే ఈ రెండు తేదీలను ఒకటి చేయవలెననియు, అందుకు జనన పత్రము తెమ్మనియు బడివారు అవ్వకు చెప్పిరి.

ఆమె మన పంచాయతీ కార్యాలయమునకు మూడుసారులు వెళ్లెను. కార్యదర్శి రిజిస్టరు త్రిప్పి చూచి, ఆ పేరుగల శిశువు ఈ పుస్తకములో లేదని చెప్పెను. అతడు చెప్పినది నిజమే. అప్పుడు ఎవరో ఆమెకు ఒక ఉపాయము చెప్పిరి. పాదిరిగారిచేత బడి తేదీయే పుట్టిన తేదీయని ఉత్తరము వ్రాయించుకొనవలెను, ఆలస్యపు నమోదుక్రింద ఇచ్చటనే క్రొత్తగా వ్రాయించవలెను, పని తీరిపోవును. అవ్వ సాయంకాలము మా అరుగుమీద కూర్చుండి, "అయ్యగారూ, మీ చేత్తో నాలుగు ముక్కలు రాసి సీలు గుద్దండి. తల్లి లేని పిల్ల. మీరు కాదంటే ఇంకెవరి దగ్గరికి పోను?" అని అడిగెను.

నేను వెంటనే జవాబియ్యలేకపోతిని. కారణము చెప్పెదను. కొన్ని సంవత్సరముల క్రిందట వేరొక సంఘములో సేవ చేయుచుండగా, ఒక యౌవనస్థుని కొరకు నేను అట్టి ఉత్తరమే వ్రాసితిని. పుస్తకము తీసి చూడలేదు. తండ్రి చెప్పిన తేదీని సంఘపు కాగితముమీద దించి సంతకము చేసితిని. జాలిపడితిననుకొంటిని. తరువాత అతనికి ఉద్యోగము వచ్చునప్పుడు అసలు జనన పత్రము బయటపడెను. రెండింటికిని పదునాలుగు నెలల తేడా యుండెను. అతడు సంజాయిషీ వ్రాసికొనుచు ఎన్ని నెలలు తిరిగెనో నాకు తెలియును. పొరుగువానికి విరోధముగా అబద్ధసాక్ష్యము పలుకకూడదను ఆజ్ఞను ఎన్నోసారులు బోధించితిని. పొరుగువానికి మేలు చేయబోయి పలికిన అబద్ధము అతనికే విరోధమగునని మాత్రము అప్పుడు నాకు తోచలేదు.

కావున అవ్వతో, "అమ్మా, ఉత్తరము సంగతి తరువాత చూతము. పిల్ల ఎక్కడ పుట్టినది?" అని అడిగితిని.

"ఎక్కడేమిటండీ, నా దగ్గరే. పురిటికి మా ఇంటికే వచ్చింది గదా నా కూతురు."

"ఇంటిలోనే ప్రసవమైనదా?"

అప్పుడు ఆమె అంతయు చెప్పెను. అది 2012వ సంవత్సరము. క్రిస్మసు దాటిన మూడవ నాడు, కుప్ప నూర్పుల కాలము. నొప్పులు మొదలుకాగానే ప్రాథమిక ఆరోగ్య కేంద్రమునకు తీసికొనిపోగా, నర్సమ్మ చూచి బిడ్డ అడ్డము తిరిగినదని 108 బండిలో పట్టణపు పెద్దాసుపత్రికి పంపెను. అక్కడ ప్రసవమాయెను. మూడవ నాడు ఇంటికి వచ్చిరి.

ఇచ్చటనే మనలో అనేకులు తప్పిపోవుచున్నారు. పుట్టుక వ్రాయబడునది కాపురమున్న ఊరిలో కాదు, బిడ్డ పుట్టిన చోటున. మనవారిలో తొలిచూలు పురుడు పుట్టింటనే గదా. భర్త ఊరు ఒకటి, పుట్టినిల్లు ఒకటి, ఆసుపత్రి వేరొకటి. బిడ్డ ఏ హద్దులో కన్ను తెరచెనో ఆ హద్దు రిజిస్ట్రారుయొద్దనే వ్రాత యుండును. పల్లెలో పంచాయతీయందు, పట్టణములో మునిసిపాలిటీయందు. ఆసుపత్రిలో పుట్టినయెడల తెలియజేయవలసిన భారము ఆసుపత్రి పెద్దది. ఇంటిలో పుట్టినయెడల ఇంటి యజమానిది. మన ప్రభువుకూడ నజరేతువాడని పిలువబడెను గాని ఆయన పుట్టిన ఊరు నజరేతు కాదు.

ఎజ్రా గ్రంథము ఆరవ అధ్యాయము ఈ సందర్భములో చదువదగినది. దేవాలయము కట్టుటకు కోరెషు సెలవిచ్చెనో లేదో చూడుడని దర్యావేషు ఆజ్ఞాపించెను. దస్తావేజులుండు బబులోనులో వెదకిరి. అయితే గ్రంథము దొరికినది బబులోనులో కాదు. దూరముగా మాదీయుల దేశమందలి రాజనగరములో. బబులోనులో లేదని చెప్పి ఊరకుండినయెడల యూదుల పని నిలిచిపోయియుండును. "ఇచ్చట లేదు" అను మాటకును "లేనే లేదు" అను మాటకును మధ్య ఒక రాజ్యమంత దూరమున్నది. అవ్వకు చెప్పిన ఉపాయములోని అసలు ప్రమాదము ఇదియే. ఒకచోట వ్రాయబడిన బిడ్డను ఇంకొకచోట క్రొత్తగా వ్రాయించినయెడల ఒక మనిషికి రెండు పుట్టుకలగును. అందులో రెండవది అబద్ధపు తేదీతో.

మరుసటి మంగళవారము ఇద్దరమును బస్సెక్కి పట్టణము పోయితిమి. అర్జీలో నేను వ్రాసినది ఇంతే: తల్లి పేరు, తండ్రి పేరు, ఆ కాలపు చిరునామా, ఆసుపత్రి పేరు, ఆడ శిశువు, 2012 డిసెంబరు ఆఖరి వారము. తేదీ నిశ్చయముగా తెలియనప్పుడు తెలిసినట్లు ఒక తేదీ వేయుటకంటె, ఈ దినమునుండి ఈ దినమువరకు వెదకుడని వ్రాయుట మేలు. జనన మరణముల నమోదు చట్టము 1969లోనిది. దాని 17వ సెక్షను ప్రకారము రుసుము చెల్లించినవారెవరైనను రిజిస్టరులో వెదకించి, వ్రాతకు నకలు పొందవచ్చును. మీసేవా కేంద్రములోను అర్జీ పెట్టవచ్చును. వెదకినను దొరకనియెడల, దొరకలేదని పత్రమిచ్చెదరు; దానినికూడ జాగ్రత్త చేయవలెను, ఏలయనగా ఆలస్యపు నమోదుకు మొదటి మెట్టు అదే.

కచ్చేరి బయట టీ దుకాణముయొద్ద ఒకడు మమ్మును పలుకరించి, రెండు వేలిచ్చినయెడల సాయంకాలమునకు కావలసిన తేదీతో కాగితము చేతిలో పెట్టెదనని చెప్పెను. అవ్వ నా ముఖము చూచెను. నాకు అప్పుడు అపొస్తలుల కార్యములలోని సహస్రాధిపతి జ్ఞాపకము వచ్చెను. అతడు తన రోమా పౌరత్వమును చాల ద్రవ్యమిచ్చి కొనుక్కొనెను. పౌలు కొనలేదు, పుట్టుకచేతనే అతనికది కలిగెను. అందుచేత ఆ దినమున కొరడాలు పట్టుకొనినవారు వెనుకకు తగ్గిరి. ఔగుస్తు కాలపు శాసనములనుబట్టి రోమా పౌరులు తమ బిడ్డల పుట్టుకను ప్రభుత్వపు పుస్తకములో వ్రాయించుకొనుచుండిరి. ఆ వ్రాతకు నకలు తీయించి, ఏడుగురు సాక్షులచేత ముద్రలు వేయించిన కొయ్యపలకలు ఐగుప్తు దేశములో దొరికియున్నవి. పౌలుయొద్ద అట్టి పలక యుండెనో లేదో లేఖనము చెప్పదు. అవ్వ కొంగుముడిలోనున్న రెండు వందలు బస్సు కూలికిని నకలు రుసుముకును సరిపోయి ఇంకను మిగిలినవి. టీ దుకాణపువాడు మాత్రము మేము తిరిగి వచ్చువరకు అచ్చటనే నిలిచియుండెను.

గుమాస్తా వెదకి చూచి, వ్రాత ఉన్నదని చెప్పెను. తల్లి పేరు ఉన్నది. తండ్రి పేరులో ఒక అక్షరము తప్పు. పుట్టిన తేదీ డిసెంబరు 29. అవ్వ మొదట ఒప్పుకొనలేదు. మూడవ నాడని తనకు బాగుగా జ్ఞాపకమనెను. తరువాత తానే, "అవునండీ, నడిరేయి దాటింది. బయట బల్ల మీద కూర్చుని ఉన్నాను, చర్చి గంట విన్నాను" అనెను. పిల్లను ఎత్తుకొని పెంచిన అవ్వ ప్రేమకును ఒక దినము తేడా వచ్చెను. నేను ఆ రాత్రి ఉత్తరము వ్రాసియుండినయెడల, అవ్వ మాట నమ్మి వ్రాసినను, బడి తేదీ వేసి వ్రాసినను, తప్పే వ్రాసియుందును.

పిల్ల పేరు గడి మాత్రము ఖాళీ. ఆసుపత్రివారు తెలియజేయునాటికి బిడ్డకు పేరు పెట్టలేదు. మన పంచాయతీలో దొరకకపోవుటకు ఒక కారణము చోటు. ఇంకెచ్చటనైనను పేరుతో వెదకినయెడల దొరకకపోవుటకు రెండవ కారణము ఇది. నమోదైన పండ్రెండు నెలలలోపల పేరు చెప్పినయెడల రుసుము లేకుండ చేర్చెదరు. అటుతరువాత పదునైదేండ్లవరకు రుసుముతో చేర్చెదరు. ఈ పిల్లకు ఇంకను గడువుండెను. పదునైదేండ్లు దాటిన ఖాళీ గడులు మన సంఘములో ఎన్ని యున్నవో!

నకలు అనగా నేమో ఇచ్చట ఒక మాట. మన ఇంటిలోనున్న పాత పత్రమును జిరాక్సు తీసి, దానిమీద ఒక అధికారి సంతకము పెట్టించుట వేరు; రిజిస్ట్రారు పుస్తకమును చూచి వ్రాతను ఎత్తి, తన సంతకముతో ఇచ్చు పత్రము వేరు. మొదటిది కాగితమునకు సాక్ష్యము. రెండవది వ్రాతకు సాక్ష్యము. యిర్మీయా అనాతోతులోని పొలమును పదునేడు తులముల వెండికి కొనినప్పుడు రెండు పత్రములు సిద్ధపరచబడెను: ఒకటి ముద్రవేసినది, మరియొకటి తెరచియున్నది. సాక్షులు సంతకములు చేసిరి. బారూకు వాటిని మంటికుండలో దాచెను, అవి బహు దినములు నిలుచునట్లు. తెరచినదానిని ఎవరైనను చదువవచ్చును. వివాదము వచ్చినయెడల ముద్రవేసినదానిని విప్పి చూతురు. మన జనన రిజిస్టరు ఆ ముద్రవేసిన పత్రమువంటిది. మన చేతికి వచ్చు నకలు తెరచియున్న పత్రము. అది పోయినను, చెదలు తినినను, వరదలో కొట్టుకొనిపోయినను మరల తీసికొనవచ్చును. అందుకే పత్రముమీది రిజిస్ట్రేషను నంబరును, తేదీని వేరొకచోట వ్రాసియుంచుకొనుడి. బైబిలు అట్టలోపలి పుట అందుకు మంచి చోటు.

తండ్రి పేరులోని తప్పక్షరమునుగూర్చి అడిగితిమి. అధికారి చెప్పిన రీతి నాకు నచ్చెను. మొదటి వ్రాతను చెరుపరు, కొట్టివేయరు. ఆధారములు చూచి, ప్రక్క అంచున సరియైనది వ్రాసి, సంతకముతో తేదీ వేసెదరు. చట్టములోని 15వ సెక్షను ఇట్లే చెప్పుచున్నది. పడిన తప్పును దాచకుండ దిద్దుట అనగా ఇదే గదా!

పేరు చేర్చుటకు ఒకసారి, నకలు తీసికొనుటకు ఒకసారి, మొత్తము మూడుసారులు తిరిగితిమి. మూడవ దినమున పత్రము చేతికి వచ్చినప్పుడు అవ్వ దానిని నాకిచ్చి చదువుమనెను. మనుమరాలి పేరు చదివితిని, తేదీ చదివితిని. "తల్లి పేరు" అను చోటికి వచ్చి ఆమె కుమార్తె పేరు చదువగా ఆమె ఆపి, "మళ్లీ చదవండి" అనెను. మరల చదివితిని. ఆమె కుమార్తె పేరుతో ఇంటిలో మిగిలిన కాగితము మరణ పత్రమొక్కటే యుండెను. బస్సు వచ్చువరకు ఆమె ఏమియు మాటలాడలేదు.

ఇంటికి వచ్చిన తరువాత నేను మన బాప్తిస్మపు రిజిస్టరు తీసితిని. ఆ పిల్ల 2013 ఈస్టరునాడు బాప్తిస్మము పొందినట్లున్నది. పుట్టిన తేదీ గడి ఖాళీ. అది నేను రాకముందు వ్రాసిన పుట. అయితే నా చేతివ్రాతగల పుటలలోను అట్టి ఖాళీలు ఏడు కనబడినవి. బాప్తిస్మపు తేదీ పుట్టిన తేదీ కాదు. సంఘపు రిజిస్టరు ప్రభుత్వపు రిజిస్టరుకు బదులు నిలువదు. అయినను వెదకువారికి అది దారి చూపగలదు. ఇకమీదట బాప్తిస్మమునకు బిడ్డను తెచ్చువారు జనన పత్రముకూడ తేవలెనని సంఘ పెద్దలతో నిశ్చయించితిమి. పత్రము లేదని బాప్తిస్మము ఆపము. గడి మాత్రము ఊహతో నింపము.

మన సంఘములలో ఒక బిడ్డకు రెండు పేర్లుండుట మీరెరుగుదురు; బాప్తిస్మపు పేరు ఒకటి, బడి పేరు ఒకటి. క్రైస్తవుడైనవానికి షెడ్యూలు కులమువాని హక్కు లేకుండ చేసిన 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ఇందుకు ఒక పెద్ద కారణము. ఆ న్యాయాన్యాయములు ఈ పాఠములో తేలునవి కావు, పిల్లల చదువుకొరకు భయపడిన తండ్రిమీద రాయి వేయుటకు నాకు చేయి రాదు. అయితే జనన రిజిస్టరులో ఏ పేరు వ్రాయింతురో ఆ పేరే బడిలోను ఆధారులోను ఉండునట్లు చూడుడి. రెండు పేర్లమధ్య నలిగిపోవునది పేరు పెట్టినవారు కారు.

పెద్దవారి సంగతి కొంత వేరు. ఆంధ్ర ప్రాంతము మద్రాసు రాజధానిలో నుండిన కాలమున 1899 నాటి చట్టముక్రింద గ్రామ మునసబులు పుట్టుకలను వ్రాయుచుండిరి. 1984లో మునసబు, కరణము ఉద్యోగములు రద్దయిన తరువాత అనేక గ్రామముల పాత పుస్తకములు తాసీల్దారు కచ్చేరికి చేరినవి. పంచాయతీలో లేదన్నయెడల అచ్చటకూడ అడిగి చూడుడి. అసలు వ్రాయించనే లేదని తేలినవారికి ఆలస్యపు నమోదు మార్గమున్నది. పుట్టిన 21 దినములలోపల తెలియజేయుట క్రమము. అది దాటి 30 దినములలోపలనైతే ఆలస్య రుసుము చాలును. సంవత్సరములోపల పై అధికారి వ్రాతపూర్వకమైన అనుమతి కావలెను. సంవత్సరము దాటినయెడల పూర్వము మొదటి తరగతి మేజిస్ట్రేటు ఉత్తర్వు కావలసియుండెను. 2023లో చట్టము సవరింపబడిన తరువాత జిల్లా మేజిస్ట్రేటుగాని, సబు డివిజను మేజిస్ట్రేటుగాని, జిల్లా మేజిస్ట్రేటు అధికారమిచ్చిన మేజిస్ట్రేటుగాని ఉత్తర్వియ్యవలెను. ఆ సవరణ 2023 అక్టోబరు 1 నుండి అమలులోనికి వచ్చెను. ఆ దినమునను తరువాతను పుట్టిన బిడ్డలకు బడిలో చేరుటకైనను, ఓటరు జాబితాకైనను, ప్రభుత్వోద్యోగమునకైనను పుట్టిన తేదీకి, చోటుకు జనన పత్రమే ఆధారము. కావున ఇప్పుడు చంకనున్న బిడ్డల తల్లులు ఈ పేరాను రెండుసారులు చదువవలెను. నమోదైన ఏడు దినములలోపల మొదటి పత్రమును ఉచితముగా ఇయ్యవలెనని ఆ చట్టమే చెప్పుచున్నది. అడిగి తీసికొనుడి. పేరు గడి ఖాళీగా ఉన్నదేమో అచ్చటనే చూచుకొనుడి.

స్త్రీల సమాజములోను ఆదివారపు బడి పెద్దల తరగతిలోను ఈ పాఠమును చదువునప్పుడు ఎజ్రా 2:62ను నెహెమ్యా 7:64తో పోల్చి చూడుడి. పేర్లు దొరకనివారి సంగతి రెండుచోట్లను వ్రాయబడియున్నది. ఆ కుటుంబములవారు తరువాత ఏమైరి? ఒక సంగతి మాత్రము చెప్పెదను. నెహెమ్యా మూడవ అధ్యాయములో హక్కోజు వంశపువాడైన మెరేమోతు ప్రాకారము కట్టుచు కనబడును, ఒక భాగము కాదు, రెండు భాగములు. నాలుగవ వచనమును, ఇరువదియొకటవ వచనమును తీసి చదువుడి. తక్కినది తరగతిలో మాటలాడుకొందము.

వచ్చు నెల మొదటి రెండు ఆదివారములు ఆరాధన తరువాత నేను కాగితము, కలముతో వసారాలో కూర్చుందును. పిల్లల జనన పత్రము లేనివారు, పేరు గడి ఖాళీగా ఉన్నవారు రండి; అర్జీ వ్రాసిపెట్టెదను. రాకముందు ఇంటిలోని పెద్దవారిని అడిగి, బిడ్డ ఏ ఊరిలో, ఏ ఆసుపత్రిలో, ఏ పండుగకు ముందో వెనుకనో పుట్టెనో తెలిసికొని రండి. ఆ అవ్వకూడ ఆ దినములలో నా ప్రక్కన కూర్చుండెదనని చెప్పియున్నది. పట్టణములో ఏ గదికి పోవలెనో ఆమెకు నాకంటె బాగుగా తెలియును.